లూయిస్ హైన్ ఫొటోలు, 24 బోర్డులు: ఊళ్లు తిరిగే ప్రదర్శన తయారీ డైరీ

వందేళ్ల కిందట అమెరికా మిల్లుల్లో, గనుల్లో పనిచేసే పిల్లల ఫొటోలు తీసిన లూయిస్ హైన్ జీవితం మీద, పని మీద తెలుగులో ఒక ప్రదర్శన తయారు చేశాం. ఆదోని చుట్టుపక్కల హైస్కూళ్లకు, గ్రంథాలయాలకు ఒక ఆటోలో వేసుకుని పోయేంత సైజు. ఎలా చేశారని వేరే ఊళ్ల టీచర్లు అడుగుతున్నారు కాబట్టి దశలవారీగా రాస్తున్నాను. కుదిరినవాటి కన్నా చెడిపోయినవాటి గురించే ఎక్కువ రాశాను, వాళ్లకు పనికొచ్చేది అదే. రేట్లు మా ఊరివి.

ఆదోనికి, హైన్‌కు సంబంధం ఏమిటని అడిగేవాళ్లకు ఒకే మాట: పత్తి. ఆయన ఫొటోల్లో నూలు మిల్లులు చాలా ఉన్నాయి. ఇక్కడి పిల్లలకు పత్తి మార్కెట్టు, జిన్నింగు మిల్లు కొత్త కాదు. పత్తి తీత మొదలైతే క్లాసులో ఏ బెంచీలు ఖాళీ అవుతాయో ఇక్కడి టీచర్లు చూడకుండానే చెప్పగలరు.

దశ 1: ఫైళ్లు

అన్నీ అమెరికా ప్రభుత్వ గ్రంథాలయమైన లైబ్రరీ ఆఫ్ కాంగ్రెస్ నుంచే తీసుకున్నాం. పిల్లల చేత పని చేయించడం ఆపాలని పోరాడిన, హైన్ పనిచేసిన నేషనల్ చైల్డ్ లేబర్ కమిటీ 1954లో తన ఫొటోలను ఆ లైబ్రరీకి ఇచ్చింది. 5,100కు పైగా ప్రింట్లు, 355 గాజు నెగటివ్‌లు. ప్రచురణకు తమకు తెలిసిన ఆంక్షలు లేవని లైబ్రరీయే రాసిపెట్టింది కాబట్టి అనుమతుల టెన్షన్ లేదు.

మా కుర్రాళ్లు మొదట వాట్సాప్‌లో, గూగుల్‌లో దొరికినవి పోగేసి తెచ్చారు. అవన్నీ పక్కన పెట్టేశాం. ఎందుకంటే:

1. కొన్నిటికి రంగులు పూశారు. పిల్లల బుగ్గలకు ఎరుపు వేస్తే ఆ మిల్లు దుమ్ము, ఆ నీరసం రెండూ పోతాయి.
2. కొన్నిటిని కత్తిరించారు. పిల్ల ఒక్కతే మిగిలి, పక్కన బారుగా ఉండే యంత్రం పోయింది. యంత్రం పక్కన ఉంటేనే పిల్ల ఎంత చిన్నదో తెలిసేది.
3. కొన్ని హైన్ తీసినవే కావు.
4. కొన్నిటి కింద పేర్లు తప్పు.

నాలుగో దానికి పెద్ద ఉదాహరణ ఉంది. వెర్మాంట్ రాష్ట్రం నార్త్ పౌనాల్ మిల్లులో 1910లో తీసిన ఫొటో. చెప్పుల్లేని కాళ్లతో, జిడ్డు పట్టిన గౌనుతో, ఒక చెయ్యి యంత్రం మీద వేసి నిలబడ్డ 12 ఏళ్ల అమ్మాయి. 1998లో అమెరికా తపాలా శాఖ ఆ ఫొటోతో 32 సెంట్ల స్టాంపు కూడా వేసింది. ఆ అమ్మాయి ఆడీ లెయిర్డ్ అని ఏళ్ల తరబడి చెప్పుకుంటూ వచ్చారు. ఎలిజబెత్ విన్‌త్రాప్ అనే రచయిత్రి, జో మానింగ్ అనే పరిశోధకుడు పాత జనాభా లెక్కలు తిరగేస్తే అసలు పేరు ఆడీ కార్డ్ అని, అమ్మమ్మో నానమ్మో పెంచిన పిల్ల అని, 90 ఏళ్లు దాటి బతికిందని తేలింది. తన ముఖం అంత ప్రసిద్ధి అయిందని ఆమెకు తెలియనే తెలియదు. మా బోర్డు మీద సరైన పేరే వేశాం. ఆమెకు మనం చేయగలిగిన కనీస మర్యాద అది.

ఫైళ్లకు పెట్టుకున్న పద్ధతి:

1. ప్రతి ఫొటోకూ ఒక ఫోల్డరు. అందులో పెద్ద టిఫ్ ఫైలు, లైబ్రరీ ఇచ్చిన నంబరు, ఇంగ్లిష్ క్యాప్షన్ ఉన్నది ఉన్నట్టుగా.
2. 18×24 అంగుళాల బోర్డుకు అంగుళానికి 150 చుక్కలు కావాలి. అంటే కనీసం 2,700×3,600 పిక్సెల్‌లు. అంత లేకపోతే సైజు తగ్గించడమే, సాఫ్ట్‌వేర్‌తో సాగదీయడం లేదు.
3. గీతలు, మరకలు తుడవలేదు. దుమ్ము చుక్క తీయబోతే నూలు పోగు కూడా పోతుంది.

ఇప్పటిదాకా ఖర్చు: పెన్‌డ్రైవ్ ₹450. సిద్ధమైన బోర్డులు: 0/24.

దశ 2: వరుస

మొదటి వరుస పుట్టుక నుంచి చావు దాకా. ఎ3 కాగితాల మీద తీసి ఒక బడిలో గోడకు అంటించి చూశాం. పిల్లలు మొదటి నాలుగు కాగితాలు దాటేసి, ఎంపైర్ స్టేట్ బిల్డింగ్ ఇనుప దూలాల మీద కూర్చున్న పనివాళ్ల దగ్గర ఆగారు. అక్కడి నుంచి నేరుగా బయటికి. మిల్లు పిల్లల దగ్గర నిలబడినవాళ్లు తక్కువ. ఆయన ఎక్కడ పుట్టాడో చెబుతూ మొదలుపెడితే చూసేవాళ్లకు పట్టదు.

మార్చిన వరుస ఇది: పిల్లలు ముందు. జీవితం ప్రతి బోర్డు అడుగున రెండు మూడు వాక్యాల పట్టీగా, ఆ ఫొటోకు సంబంధం ఉన్నంత వరకే.

ఉదాహరణకు నూలు మిల్లు బోర్డు అడుగున ఇలా ఉంటుంది. హైన్ 1874 సెప్టెంబర్ 26న విస్కాన్సిన్‌లోని ఆష్‌కాష్‌లో పుట్టాడు. 1892లో తండ్రి ప్రమాదంలో చనిపోయాడు. హైన్ ఒక ఫర్నిచర్ ఫ్యాక్టరీలో పనికి చేరాడు, రోజుకు 13 గంటలు, వారానికి ఆరు రోజులు, జీతం వారానికి 4 డాలర్లు. లెక్క వేస్తే 78 గంటలకు 400 సెంట్లు, గంటకు 5 సెంట్లు చిల్లర. ఈ లెక్క చదివాక పై ఫొటోను పిల్లలు మళ్లీ చూస్తున్నారు. తీసినవాడికి ఆ పని గంటలు ఒంటికి తెలుసు అన్నది అర్థమవుతోంది.

ఎల్లిస్ దీవి బోర్డు అడుగున ఉద్యోగం సంగతి. 1901లో న్యూయార్క్‌లోని ఎథికల్ కల్చర్ స్కూల్లో టీచరుగా చేరాడు. కెమెరా చేతికిచ్చింది ఆ స్కూలు పెద్ద ఫ్రాంక్ మానీ. 1904 నుంచి ఎల్లిస్ దీవికి పోయి, ఓడలు దిగే వలస జనాన్ని తీశాడు. 1908లో బడి ఉద్యోగం వదిలి చైల్డ్ లేబర్ కమిటీలో పూర్తికాలం చేరాడు. టీచర్లు ఈ బోర్డు దగ్గర ఎక్కువసేపు ఉంటున్నారు. ప్రదర్శన ఎవరైనా పెట్టుకుంటే దీన్ని మాత్రం తీసేయకండి.

ఖర్చు: నమూనా ప్రింట్లు 24×₹25 = ₹600. మొత్తం ₹1,050. బోర్డులు: 0/24.

దశ 3: నిలువెత్తు బోర్డులు

ప్రదర్శన అంతటికీ ప్రాణం ఈ రెండు బోర్డులే. తయారీలో ఎక్కువ ఏడిపించినవీ ఇవే.

హైన్ పద్ధతి తెలిస్తే ఈ బోర్డులు ఎందుకో అర్థమవుతుంది. మిల్లుల్లోకి ఆయన్ని ఎవరూ రానిచ్చేవాళ్లు కాదు. ఫైర్ ఇన్‌స్పెక్టర్‌నని, పోస్ట్‌కార్డులు అమ్ముకునేవాడినని, బైబిళ్లు అమ్మేవాడినని, యంత్రాల ఫొటోలు తీయడానికి వచ్చానని చెప్పి లోపలికి పోయేవాడు. తన కోటు గుండీలు నేల నుంచి ఎంత ఎత్తున ఉన్నాయో ముందే కొలుచుకుని ఉంచుకునేవాడు. పక్కన నిలబడిన పిల్ల తల ఏ గుండీ దాకా వచ్చిందో చూసి ఎత్తు కట్టేవాడు. జేబులో చెయ్యి పెట్టి, బయటికి తీయకుండానే కాగితం మీద రాసుకునేవాడు. వయసు అడిగితే మిల్లువాళ్లు ఒకటి చెప్తారు, డబ్బు అవసరంలో ఉన్న తల్లిదండ్రులు ఇంకోటి రాసిస్తారు. అంగుళాలను ఎవరూ పెంచి చెప్పలేరు.

అందుకే ఎత్తు రాసి ఉన్న రెండు ఫొటోలు తీసుకున్నాం. దక్షిణ కరొలైనాలోని లాంకాస్టర్ మిల్లులో 1908 నవంబర్ 30న తీసిన సేడీ ఫైఫర్, 48 అంగుళాలు. ఉత్తర కరొలైనాలోని విట్నెల్ మిల్లులో అదే ఏడాది డిసెంబర్‌లో తీసిన, పేరు లేని అమ్మాయి, 51 అంగుళాలు. అంటే 122 సెంటీమీటర్లు, 129.5 సెంటీమీటర్లు. ఇద్దరినీ సరిగ్గా అంతే ఎత్తున ప్రింట్ చేయాలని పట్టుబట్టాం.

లెక్క:

1. ఫైలును గింప్ అనే ఫొటో సాఫ్ట్‌వేర్‌లో తెరిచి, కొలత టూల్‌తో పిల్ల నడినెత్తి నుంచి పాదం దాకా ఎన్ని పిక్సెల్‌లో కొలవాలి.
2. ఆ సంఖ్యను అంగుళాల ఎత్తుతో భాగించాలి. ఉదాహరణకు 2,400 పిక్సెల్‌లు, 48 అంగుళాలు అయితే అంగుళానికి 50.
3. ప్రింట్ రిజల్యూషన్ దగ్గర ఆ అంకె వేసి, 30×60 అంగుళాల ముక్క కత్తిరించాలి. పాదాలు ముక్క అడుగు అంచుకు ఆనాలి.
4. ముఖం ఉన్న భాగం మాత్రం ఎ3 మీద తీసి, ఆరడుగుల దూరం నుంచి చూడాలి.

అంగుళానికి 50 చుక్కలు చాలవని షాపులో భయపెడతారు. ఆరడుగుల దూరం నుంచి మామూలు చూపు అంగుళానికి 48 చుక్కలకు మించి విడదీసి చూడలేదు. కాబట్టి 50 చాలు. దగ్గరికి పోతే చెదిరినట్టు ఉంటుంది. అందుకని నేల మీద ఆరడుగుల దగ్గర సుద్దగీత గీస్తున్నాం.

చెడిపోయినవి:

ఫ్లెక్సు. చవక అని మొదట దాని మీదే వేయించాం, 25 చదరపు అడుగులు, అడుగుకు ₹15. మెరుపు వల్ల ట్యూబ్‌లైటు పిల్ల ముఖం మీద పడింది. పైగా ఫ్లెక్సు అంటే మన కళ్లకు పుట్టినరోజు శుభాకాంక్షలు, నాయకుడికి స్వాగతం అలవాటు. జనం చూడకుండానే దాటేశారు.

సైజు. ఆ ఫ్లెక్సును టేపు పెట్టి కొలిస్తే 48 ఉండాల్సిన పిల్ల 46 అంగుళాలే వచ్చింది. ప్రింటర్ దగ్గర అంచుల కోసం ఆటోమేటిక్‌గా కుదించారు. కళ్లకు తెలియదు, కొలిస్తేనే తెలుస్తుంది. ఆ తర్వాత నుంచి ఫైలు పక్క అంచున సరిగ్గా 12 అంగుళాల నల్లగీత పెడుతున్నాం. బోర్డు చేతికి రాగానే ముందు ఆ గీతను కొలవాలి. 12 లేకపోతే డబ్బు ఇవ్వకముందే చెప్పొచ్చు.

ఎత్తు. సన్‌బోర్డు (తేలికపాటి ఫోమ్ పలక) మీద మళ్లీ చేయించి, మిగతా ఫొటోల్లాగే గోడకు తగిలించాం. పిల్ల గాలిలో నిలబడ్డట్టు, పెద్ద మనిషిలా కనిపించింది. అడుగు అంచు నేలకు ఆనితేనే కొలతకు అర్థం ఉంటుంది. ఇప్పుడు రెండు బోర్డులనూ నేల మీదే నిలబెడుతున్నాం.

వంగడం. ఐదడుగుల పొడవున్న 5 మిల్లీమీటర్ల సన్‌బోర్డు నిలబెడితే నడుము దగ్గర వంగుతుంది. మేస్త్రీ చూసి, వెనక రెండు నిలువు రీపర్లు, ఒక అడ్డ రీపరు కొట్టి, మడిచే కాలు పెట్టాడు. మేకులు ముందుకు పొడుచుకు రాకుండా ఫెవికాల్‌తో అంటించి, అంచుల్లో మాత్రం చిన్న స్క్రూలు వేశాడు.

చివరికి నిలిచింది: మ్యాట్ వినైల్, 5 మిల్లీమీటర్ల సన్‌బోర్డు, వెనక చెక్క, నేల మీద.

ఆరో తరగతి అమ్మాయి ఒకామె వచ్చి బోర్డు పక్కన నిలబడి, చేత్తో తల మీద నుంచి అడ్డంగా కొలిచి, "సార్, ఈ పాప మా చెల్లంతే ఉంది" అంది. ఆ తర్వాత ఒక్కొక్కరే వచ్చి నిలబడటం మొదలుపెట్టారు. మేం ఏమీ చెప్పలేదు. ఇప్పుడు ఒక పని అదనంగా చేయిస్తున్నాం: పిల్లలు తమ చొక్కా గుండీలు నేల నుంచి ఎంత ఎత్తున ఉన్నాయో టేపుతో కొలిచి రాసుకుంటారు, ఆ గుండీలతో బోర్డులోని పిల్ల ఎత్తు చెప్తారు. తేడా ఒకటి రెండు అంగుళాల్లోపే వస్తోంది. హైన్ పద్ధతి నమ్మదగినదని చెప్పడానికి వేరే ఉపన్యాసం అక్కర్లేదు.

ఖర్చు: పనికిరాని ఫ్లెక్సు ₹375, సన్‌బోర్డు 25×₹90 = ₹2,250, చెక్క, మేస్త్రీ కూలి ₹900. మొత్తం ₹4,575. బోర్డులు: 2/24.

దశ 4: క్యాప్షన్లు

నేను ఈ పని మొత్తంలో గట్టిగా నమ్మింది ఒకటే: హైన్ ఫొటోను క్యాప్షన్ నుంచి విడదీస్తే సగం ఫొటోయే మిగులుతుంది. ఊరు, తేదీ, వయసు, ఎత్తు, కూలి, ఎన్నాళ్లుగా పని, పిల్ల చెప్పిన జవాబు, అన్నీ ఆయన రాసుకున్నాడు. ఫొటో చూసి కన్నీళ్లు పెట్టుకునేవాళ్లు మర్నాటికి మర్చిపోవచ్చు. అంకెలు ఉంటే మిల్లు యజమాని జవాబు చెప్పాల్సి వస్తుంది.

విట్నెల్ అమ్మాయి బోర్డుకు వేసిన క్యాప్షన్:

"విట్నెల్ నూలు మిల్లులో వడికే పిల్లల్లో ఒకతె. ఎత్తు 51 అంగుళాలు. మిల్లులో చేరి ఏడాది. అప్పుడప్పుడు రాత్రి పని. వడికే యంత్రాల నాలుగు వరుసలు చూసుకుంటుంది, రోజుకు 48 సెంట్లు. వయసెంత అని అడిగితే తటపటాయించి, 'గుర్తులేదు' అంది. తర్వాత గుట్టుగా, 'పనిచేసే వయసు రాలేదు, అయినా చేస్తున్నా' అంది. 50 మంది పనివాళ్లలో పదిమంది దాదాపు ఈమె అంత పిల్లలే."

మొదటి రాతలో మా వాళ్లు "పాపం", "చిట్టి చేతులు", "బాల్యం బుగ్గిపాలు" లాంటివి చేర్చారు. ప్రేమతోనే చేర్చారు. కానీ గోడ మీద పెట్టి చూస్తే చదివేవాళ్ల కళ్లు ఆ మాటల దగ్గర ఆగి, 48 సెంట్లు దాటిపోతున్నాయి. అన్నీ తీసేశాం. హైన్ రాయని విశేషణం మేం రాయకూడదని నియమం పెట్టుకున్నాం.

అలాగని హైన్ ఎప్పుడూ చల్లగా రాశాడని కాదు. పెన్సిల్వేనియాలో సౌత్ పిట్‌స్టన్ దగ్గర ఈవెన్ బ్రేకర్‌లో (గని బొగ్గును పగలగొట్టి శుభ్రం చేసే చోటు), 1911 జనవరిలో, బొగ్గులోంచి రాళ్లు ఏరే పిల్లల ఫొటో ఉంది. వరుసలుగా కూర్చుని వంగి ఉంటారు. దాని క్యాప్షన్‌లో దుమ్ము ఎంత దట్టంగా ఉందంటే ఒక్కోసారి ఎదురుగా ఏమీ కనిపించలేదని, ఆ దుమ్ము పిల్లల ఊపిరితిత్తుల మూలల దాకా దిగిందని, బానిసలను తోలేవాడి లాంటి మనిషి ఒకడు వాళ్లను పొడుస్తూ, తంతూ లొంగదీస్తుంటాడని రాశాడు. అక్కడ కోపం దాచుకోలేదు. మేమూ తగ్గించలేదు.

డబ్బును రూపాయల్లోకి మార్చలేదు. ఇవాళ్టి మారకంతో 48 సెంట్లను లెక్కగడితే వచ్చే అంకెకు అర్థం లేదు. దాని బదులు నాలుగు వరుసలకు 48 అంటే వరుసకు 12 సెంట్లు అని విడగొట్టాం. అంగుళాల పక్కన సెంటీమీటర్లు వేశాం, ఎందుకంటే బడిలో పిల్లలకు అవే అలవాటు.

ఇక అచ్చు కష్టాలు. తెలుగులో ఎవరు ప్రదర్శన చేసినా ఇవి తప్పవు కాబట్టి కాస్త వివరంగా.

డీటీపీ చేసే అతను ఫైలు చూడగానే, "అన్నా, ఇది యూనికోడ్, మా దగ్గర అను ఫాంట్లలో కావాలి" అన్నాడు. అను అంటే షాపుల్లో వాడే పాత పద్ధతి తెలుగు ఫాంట్లు, యూనికోడ్‌తో నేరుగా కలవవు. మార్చి ఇస్తే క్ష్మ, స్త్ర, ర్త్స్య లాంటి చోట్ల వత్తులు ఎగిరిపోయాయి, కొన్ని చోట్ల వరుస తారుమారయ్యాయి. "స్త్రీలు" చదవలేనట్టు తయారైంది. మొత్తం మళ్లీ టైపు చేయించడం కన్నా తేలికైన దారి ఇది:

1. యూనికోడ్‌లోనే లిబ్రే ఆఫీస్‌లో పేజీ కట్టాలి. మేం శీర్షికలకు రామభద్ర, లోపలి రాతకు మండలి ఫాంటు వాడాం.
2. పీడీఎఫ్‌గా ఎగుమతి చేసి, ఇంక్‌స్కేప్‌లో తెరిచి అక్షరాలను గీతలుగా మార్చాలి. అప్పుడు షాపులో ఏ ఫాంటు లేకపోయినా ఏమీ మారదు.
3. షాపుకు ఆ పీడీఎఫ్ మాత్రమే ఇవ్వాలి. టెక్స్టు ఫైలు అడిగినా ఇవ్వొద్దు.
4. ఫోన్లో కాదు, కాగితం మీద ఒక కాపీ తీసి, ఈ పనితో సంబంధం లేని మనిషితో పైకి చదివించాలి. తడబడిన చోట వత్తో, వాక్యమో తేడాగా ఉన్నట్టు.

సైజు కూడా మార్చాం. 24 పాయింట్లతో మొదలుపెట్టాం, నాలుగడుగుల నుంచి పెద్దవాళ్లకు కనపడలేదు. 30కి పెంచితే కనపడింది కానీ కింది వత్తులు, తర్వాతి వరుస గుడులు కొట్టుకున్నాయి. చివరికి 32 పాయింట్లు, వరుసల మధ్య ఒకటిన్నర రెట్లు. అలా పెడితే ఎ3లో సుమారు 60 మాటలే పడతాయి. అంతకు మించితే మాటలు తగ్గించాల్సిందే, అక్షరం తగ్గించకూడదు.

క్యాప్షన్లను ఫొటో బోర్డు మీదే అచ్చు వేయలేదు. విడిగా మందపాటి కార్డు మీద తీసి, కింద రెండు వైపులా అంటుకునే టేపుతో పెట్టాం. ఒక తేదీ సరిచేయాల్సి వస్తే ₹30తో పోతుంది, ₹270 బోర్డు పోదు.

ఖర్చు: పనికిరాని క్యాప్షన్ ప్రింట్లు ₹500, చివరి కార్డులు 24×₹30 = ₹720, 21 ఫొటో బోర్డులు (ఒక్కోటి 3 చదరపు అడుగులు) ₹5,670. మొత్తం ₹11,465. బోర్డులు: 23/24.

దశ 5: అట్టపెట్టె కెమెరా, గాజు పలకలు

ఫోన్‌తో ఫొటో తీసే పిల్లలకు 1908 నాటి ఫొటో అంటే ఎంత బరువో తెలియదు. హైన్ వాడింది 5×7 అంగుళాల పెట్టె కెమెరా, స్టాండు, గాజు పలకలు, వెలుగు కోసం మెగ్నీషియం పొడి. పొడి జోలికి ఎవరూ పోవద్దు. అది భగ్గున పేలి చేతులు కాలుస్తుంది. మేం బరువు, బొమ్మ రెండే చూపించాం.

బరువు: ఫొటోఫ్రేములకు వాడే 2 మిల్లీమీటర్ల అద్దాన్ని 5×7 అంగుళాలుగా కోయించి, అంచులు ఆకురాయితో నూరి, టేపు చుట్టాం. ఒక్కోటి 113 గ్రాముల దగ్గర తూగింది. డజను అంటే 1.35 కిలోలు. దీని మీద కెమెరా, స్టాండు, పొడి. అన్నీ మోసుకుని, అబద్ధం చెప్పి గేటు దాటి, యంత్రాల మధ్య నిలబడాలి. డజను పలకల సంచీని పిల్లల భుజానికి తగిలిస్తే ఇది చెప్పక్కర్లేదు.

కెమెరా:

1. ఒకదానిలో ఒకటి జారే రెండు అట్టపెట్టెలు. లోపల నల్ల చార్టు.
2. ముందు 20 సెంటీమీటర్ల ఫోకల్ దూరం ఉన్న భూతద్దం. మాది 75 మిల్లీమీటర్ల వెడల్పు.
3. వెనక 5×7 అంగుళాల కిటికీకి ట్రేసింగ్ పేపరు.
4. దూరంగా ఉన్నవాటికి భూతద్దం నుంచి కాగితం దాకా 20 సెంటీమీటర్లు, 2 మీటర్లలో ఉన్న మనిషికి 22.2, ఒక మీటరులో ఉంటే 25. పెట్టె ఆ మేరకు జరగాలి.

బొమ్మ మొదట మధ్యలో బాగుండి అంచుల్లో అలుక్కుపోయింది. భూతద్దం మొత్తం తెరిచి ఉండటమే కారణం. నల్ల అట్టలో 25 మిల్లీమీటర్ల రంధ్రం చేసి ముందు పెడితే అంచులు తేలాయి కానీ గదిలో బొమ్మ కనపడనంత చీకటి. 40 మిల్లీమీటర్ల దగ్గర రెండూ సరిపోయాయి. వెనక నుంచి చూసేవాళ్ల తల మీద నల్ల దుప్పటి తప్పనిసరి, పగలు బయట ఎండలో ఉన్న మనిషినే చూడాలి. తలకిందులుగా వచ్చిన తమ స్నేహితుడి బొమ్మ చూడటానికి వరుస కడుతున్నారు, కాబట్టి రెండో కెమెరా కూడా చేయండి.

ఖర్చు: ₹600. మొత్తం ₹12,065. బోర్డులు: 23/24.

దశ 6: ఏళ్ల పట్టీ

ఫొటో తీశాడు, చట్టం వచ్చింది, కథ సుఖాంతం. మొదటి బడిలో చాలామంది ఇలా అర్థం చేసుకుని పోయారు. నిజం అంత తొందరగా జరగలేదు, ఇది సరిచేయకుండా ప్రదర్శన ముందుకు తీసుకుపోవడం నాకు ఇష్టం లేకపోయింది.

అందుకని గోడకు ఒక పట్టీ కట్టాం. ఏడాదికి 10 సెంటీమీటర్లు, 1904 నుంచి 1940 దాకా 3.6 మీటర్లు. ఏమీ జరగని ఏడాదిని ఖాళీగానే వదిలాం. ఖాళీ చోట్ల బొమ్మలు వేద్దామన్నారు, వద్దన్నాను.

పట్టీ మీద ఉన్నవి: 1904 కమిటీ పుట్టింది. 1908 హైన్ పూర్తికాలం చేరాడు. 1912 పిల్లల కోసం కేంద్ర ప్రభుత్వంలో చిల్డ్రన్స్ బ్యూరో. 1916 పిల్లల పని మీద మొదటి కేంద్ర చట్టం, కీటింగ్-ఓవెన్ చట్టం. 1918 సుప్రీంకోర్టు దాన్ని కొట్టేసింది. 1919 పన్ను రూపంలో రెండో చట్టం. 1922 దాన్నీ కొట్టేసింది. 1924 రాజ్యాంగ సవరణను కాంగ్రెస్ ఆమోదించింది కానీ చాలినన్ని రాష్ట్రాలు ఒప్పుకోలేదు. ఆ తర్వాత పొడుగ్గా తెలుపు. 1938 పిల్లల పనికి దేశమంతటా హద్దులు పెట్టిన ఫెయిర్ లేబర్ స్టాండర్డ్స్ చట్టం. హైన్ కమిటీలో చేరిన ఏడాది నుంచి అక్కడికి సరిగ్గా 3 మీటర్లు. పిల్లలు దాని వెంట నడిచిపోతారు.

పట్టీ కింద రెండో వరుసలో హైన్ సొంత జీవితం. 1918లో రెడ్‌క్రాస్‌తో యూరప్. 1920లలో పనివాళ్ల చిత్రాలు. 1930-31లో, 56 ఏళ్ల వయసులో, ఎంపైర్ స్టేట్ బిల్డింగ్ దూలాల మీద. 1932లో ఆ ఫొటోలతో పిల్లల కోసం పుస్తకం. ఆ తర్వాత పని తగ్గిపోతూ వచ్చింది. రాయ్ స్ట్రైకర్ నడిపే ప్రభుత్వ ఫొటో విభాగం పల్లెల కరువును దేశమంతా తీయిస్తున్న రోజుల్లో, ఆ దారి వేసిన మనిషికి అందులో చోటు ఇవ్వలేదు. ఫొటోగ్రాఫర్ బెరెనీస్ ఆబట్, కళా విమర్శకురాలు ఎలిజబెత్ మెక్‌కాస్లాండ్ వెతుక్కుంటూ వచ్చి 1939 జనవరిలో న్యూయార్క్ రివర్‌సైడ్ మ్యూజియంలో ప్రదర్శన పెట్టించారు. అదే ఏడాది క్రిస్మస్ రోజున భార్య సారా చనిపోయింది. ఇల్లు అప్పుల్లో పోయింది. 1940 నవంబర్ 3న ఆయనా పోయాడు. కొడుకు ఆయన ప్రింట్లను, నెగటివ్‌లను ఫొటో లీగ్ అనే ఫొటోగ్రాఫర్ల సంఘానికి ఇచ్చాడు. లీగ్ మూతపడ్డాక మ్యూజియం ఆఫ్ మోడర్న్ ఆర్ట్ వద్దంది, జార్జ్ ఈస్ట్‌మన్ హౌస్ అనే ఫొటోల మ్యూజియం తీసుకుంది.

రెండు వరుసలూ ఒకే స్కేలులో ఉండటం వల్ల ఒకటి కనిపిస్తుంది: చట్టం వచ్చిన 1938 గీత కింద ఆయన వరుసలో పని ఏదీ లేదు. దాన్ని బాణం గీసి చూపించలేదు. చూసేవాళ్లే వేలు పెట్టి ఒకరికొకరు చెప్పుకుంటున్నారు.

పట్టీకి మాత్రం ఫ్లెక్సే వాడాం. ఫొటోలు లేవు, చుట్టి పెట్టుకోవచ్చు.

24వ బోర్డు ఇక్కడిది. 1986 బాలకార్మిక చట్టం, 2016 సవరణ తర్వాత 14 ఏళ్లలోపు పిల్లలను ఏ పనిలోనూ పెట్టకూడదన్నది, 14 నుంచి 18 మధ్య ప్రమాదకరమైన పనుల్లో పెట్టకూడదన్నది, బడి గంటలు అయ్యాక, సెలవుల్లో సొంత కుటుంబం పనికి సాయం చేయడానికి ఉన్న మినహాయింపు, పిల్లల సాయం కోసం ఫోను చేసే 1098 నంబరు. మన పిల్లల ఫొటో ఒక్కటీ పెట్టలేదు. చూసేవాళ్లలో పత్తి చేల నుంచి వచ్చిన పిల్లలే ఉంటారు, వాళ్లను గోడ మీద బొమ్మ చేయడం నాకు సమ్మతం కాదు.

ఖర్చు: పట్టీ 12 చదరపు అడుగులు ₹180, బోర్డు ₹270. మొత్తం ₹12,515. బోర్డులు: 24/24.

దశ 7: మోత

సన్‌బోర్డు మూలలు మొదటి ప్రయాణంలోనే నలిగాయి. మూలలకు ప్లాస్టిక్ తొడుగులు, బోర్డుల మధ్య పాత దుప్పట్లు, పైన బబుల్ షీటు. బోర్డులను పడుకోబెట్టొద్దు, ఆటోలో నిలువుగా పెట్టి తాళ్లతో కట్టాలి. వానలో ఒకసారి క్యాప్షన్ కార్డులు ఉబ్బాయి, ఇప్పుడు అవి విడిగా ప్లాస్టిక్ డబ్బాలో పోతాయి. బడిలో గోడకు మేకులు కొట్టనివ్వరు, కిటికీ ఊచలకు నైలాన్ దారం కట్టి వేలాడదీయడం అన్నిచోట్లా పనిచేసింది. విప్పి కట్టడానికి నలుగురు మనుషులు చాలు.

ఖర్చు: తొడుగులు ₹640, బబుల్ షీటు ₹500. మొత్తం ₹13,655. ఆటో బాడుగ దూరాన్ని బట్టి, ఇందులో కలపలేదు.

మిగిలిన పనులు:

1. 51 అంగుళాల బోర్డు అడుగు అంచు నేలకు రాసుకుని అరిగింది. సన్నని అల్యూమినియం పట్టీ వేయించాలి. పట్టీ మందం ఎంతుంటే అంత కింద కోసేయాలి, లేకపోతే ఎత్తు మారుతుంది.
2. ఈవెన్ బ్రేకర్ ఫొటో చాలా నల్లగా వచ్చింది. నీడలు తేల్చి మళ్లీ వేయించాలి, ₹270.
3. మిసిసిపీ రాష్ట్రం బిలాక్సీలో ఆల్చిప్పల గుట్ట ముందు నిలబడిన ఐదేళ్ల మాన్యువెల్ ఫొటోకు క్యాప్షన్‌లో ఎత్తు లేదు. దాన్ని కూడా నిలువెత్తు చేయమని అడుగుతున్నారు. కొలత లేకుండా చేయం. 18×24లోనే ఉంటుంది.
4. పత్తి తీతకు ముందే మిగతా మండలాల హెడ్‌మాస్టర్లతో తేదీలు ఖాయం చేసుకోవాలి.